ఇది కథ మాత్రమేనా – దీపా ధన్‌రాజ్ చిత్రాలు

డాక్యుమెంటరీ అన్న మాటకు వార్తాచిత్రమనీ, యథార్థచిత్రమనీ మనవారు పేర్లు పెట్టి చూశారు గాని ఏదీ జనం నోట నిలువలేదు. మా తరం వారికి అది అసలు సినిమాకు ముందు ఫిల్మ్స్ డివిజన్ వారు వేసే ఆనకట్టల ప్రారంభోత్సవం. అది అయిపోయేదాకా సగం హాలు బయట సోడా తాగుతూ ఉండేది. ప్రభుత్వం చెప్పాలి, ప్రజలు వినాలి, అదీ ఏర్పాటు. ఆ ఏర్పాటును తలక్రిందులు చేసినవారిలో దీపా ధన్‌రాజ్ ఒకరు. ఆమె చిత్రాలలో మూడింటికి మన హైదరాబాదే రంగస్థలం. అయినా మన సాహిత్య చర్చలలో ఆమె పేరు నేను విన్నది బహు తక్కువ.

1980లో ఆమె, ఆభా భయ్యా, మీరా రావు, ఛాయాగ్రాహకుడు నవ్‌రోజ్ కాంట్రాక్టర్ కలిసి 'యుగాంతర్' అనే బృందంగా ఏర్పడ్డారు. 'మోల్కరీణ్' (1981) పుణె నగరంలో ఇంటిపని చేసే స్త్రీలు సంఘం కట్టుకున్న వైనం. మరుసటి ఏడు నిపాణి పొగాకు కార్మిక స్త్రీల పోరాటంపై చిత్రం తీశారు. ఈ రెండవ చిత్రం కోసం బృందం ఆ కార్మికులతో నాలుగు నెలలు గడిపింది. కెమెరా తరువాత, ముందు కూర్చొని వినడం.

ఇక 1983 నాటి 'ఇది కథ మాత్రమేనా' తెలుగు చిత్రం. హైదరాబాదులోని స్త్రీశక్తి సంఘటనతో కలిసి తీసినది. తెలంగాణ సాయుధ పోరాటంలోని స్త్రీల జ్ఞాపకాలను 'మనకు తెలియని మన చరిత్ర'గా తరువాత వెలువరించినది ఈ సంఘటనవారే. సుమారు ఇరవై అయిదు నిమిషాల ఈ చిత్రంలో ఒక యువతి, ఆమె కాపురం, అందులోని హింస, అంతకు మించిన ఒంటరితనం ఉన్నాయి. యథార్థాన్ని చిత్రించేవారు కల్పితకథను ఎందుకు ఆశ్రయించారు? నాకు తోచిన సమాధానం ఇది. నాలుగు గోడల నడుమ జరిగేదానికి కెమెరా సాక్షి కాలేదు. బాధితురాలి ముఖమే చూపితే, ఆమె సాయంత్రానికి మళ్లీ ఆ ఇంటికే పోవలసి ఉంటుంది. గృహహింసను నేరంగా గుర్తించిన 498-ఎ సెక్షను శిక్షాస్మృతిలో చేరినది కూడా ఆ 1983 డిసెంబరులోనే. చలాన్ని మేము దాచుకొని చదివినవాళ్లం, ఒంటరిగా చదివినవాళ్లం. సినిమాను నలుగురిలో కూర్చొని చూడాలి. పక్కనున్నవారి మౌనం కూడా వినబడుతుంది. ఈ తేడా చిన్నది కాదు.

'క్యా హువా ఇస్ షహర్ కో?' (1986) హైదరాబాద్ ఏక్తా సంస్థతో కలిసి తీసినది. విషయం 1984 నాటి మతకల్లోలాలు. ఆ ఏడు ఆగస్టు 16న రామారావు ప్రభుత్వాన్ని గవర్నరు బర్తరఫ్ చేయడం, సెప్టెంబరు 16న ఆయన తిరిగి గద్దెనెక్కడం అందరికీ గుర్తే. కర్ఫ్యూలో కూలి దొరకని కుటుంబాలు అంతగా గుర్తుండవు. పత్రికలు 'అల్లరిమూకలు' అని ఒక్క సమాసంతో సరిపెట్టే చోట, ఈ చిత్రం ఊరేగింపులను, నాయకుల ఉపన్యాసాలను, వాటి వెనుకనున్న రాజకీయాన్ని ఒకదాని పక్కన ఒకటి నిలబెడుతుంది. నా దృష్టిలో ఆమె చిత్రాలన్నింటిలో నగరచరిత్రకు అత్యవసరమైనది ఇదే.

'సంథింగ్ లైక్ ఎ వార్' (1991) కుటుంబనియంత్రణను గురించినది. 'కేసులు' తెమ్మని బడిపంతుళ్ల మీద సైతం లక్ష్యాలు మోపిన రోజులు మాకు తెలుసు. 1996లో ఆ లక్ష్యాల పద్ధతి ఎత్తివేశారు. శస్త్రచికిత్సల వేగాన్ని ఘనతగా చెప్పుకొనే వైద్యుడు ఒకవైపు, తమ దేహాలను గురించి తామే మాట్లాడుకొనే గ్రామీణ స్త్రీలు మరొకవైపు. చిత్రం ఎవరి పక్షమో వేరే చెప్పనక్కరలేదు.

2018లో వచ్చిన 'వియ్ హావ్ నాట్ కమ్ హియర్ టు డై' మళ్లీ హైదరాబాదుకు వస్తుంది. 2016 జనవరి 17న కేంద్రీయ విశ్వవిద్యాలయంలో ప్రాణం తీసుకున్న పరిశోధక విద్యార్థి రోహిత్ వేములను గురించి, ఆ తరువాత లేచిన ఉద్యమాన్ని గురించి ఈ చిత్రం. హాస్టలు నుండి వెళ్లగొట్టబడిన ఐదుగురు విద్యార్థులు ఆవరణలోనే ఆరుబయట ఒక గుడారం వేసుకొని, దానికి 'వెలివాడ' అని పేరు పెట్టారు. ఆ మాటను నేను పాఠాలలో బహువిధాల వివరించాను: వెలి, వాడ, ఊరి వెలుపలి నివాసం. విశ్వవిద్యాలయం నడిబొడ్డున, అంబేద్కర్ బొమ్మ ఉన్న ఫ్లెక్సీల నీడలో, పరిశోధక విద్యార్థులు ఆ మాటను తమకు తామే పెట్టుకున్నారు.