పదహారు రాత్రుల లెక్క

మా రాయ్‌పూర్ రైల్వే కాలనీలో శ్రీకాకుళం వైపు నుంచి వచ్చి స్థిరపడ్డ తెలుగు కుటుంబాలు చాలా ఉన్నాయి. ఆమధ్య తెలిసిన కుర్రాడొకడు ఓ కాగితం తెచ్చి చూపించాడు. పెళ్ళయి రెండేళ్ళు, ఇంకా పిల్లల్లేరు. ఊళ్ళో పురోహితుడు లెక్కగట్టి రాసిచ్చిన "మంచి రాత్రులు" అవి. "ఏడాదిగా ఇదే పాటిస్తున్నాం బాబాయ్. అమ్మేమో లోపం కోడలిదే అంటోంది" అన్నాడు.

ఆ లెక్క ఎక్కడిదో పోల్చుకోవడం కష్టం కాలేదు. మనుస్మృతి మూడో అధ్యాయంలోది. బహిష్టు మొదలైనప్పటి నుంచి పదహారు రాత్రులు ఋతుకాలం. మొదటి నాలుగూ, ఆపైన పదకొండోది, పదమూడోది నిషిద్ధం. సరి రాత్రులైతే కొడుకు, బేసి రాత్రులైతే కూతురు!

"మన ఋషులకు అప్పుడే తెలుసు" అనేవాళ్ళుంటారు. నిజం ఒప్పుకోవాలి. పందొమ్మిదో శతాబ్దపు యూరప్ డాక్టర్ల లెక్క కంటే ఇదే నయం. ఎదకు వచ్చిన కుక్కల్ని పరిశీలించి, ఆడవాళ్ళకూ బహిష్టు రోజుల్లోనే అండం విడుదలవుతుందని చాలామంది అనుకున్నారు. నెల మధ్య రోజుల్లో గర్భం రాదని పుస్తకాల్లో రాశారు. సరిగ్గా తలకిందులు.

అయితే వాళ్ళ తప్పు పరీక్షకు నిలబడక పోయింది. జపాన్ డాక్టర్ ఒగినో క్యూసాకు ఆపరేషన్ల సమయంలో అండాశయాలను కళ్ళారా చూసి, ఆ స్త్రీల బహిష్టు తేదీలతో సరిపోల్చాడు. రాబోయే బహిష్టుకు 12 నుంచి 16 రోజుల ముందు అండం విడుదలవుతుందని 1924లో ప్రకటించాడు. అంటే లెక్క జరిగిపోయిన బహిష్టు నుంచి ముందుకు కాదు, రాబోయేదాని నుంచి వెనక్కి. ఆస్ట్రియాలో హెర్మాన్ క్నాస్ కూడా కొద్ది ఏళ్ళలోనే విడిగా దాదాపు ఇదే తేల్చాడు. 1995లో అమెరికాలో ఆలెన్ విల్‌కాక్స్ బృందం 221 మంది స్త్రీల మూత్రాన్ని రోజూ పరీక్షించి చూసింది. అండం విడుదలైన రోజు, అంతకుముందు అయిదు రోజులు, ఈ ఆరు రోజుల కలయిక వల్లే గర్భాలు వచ్చాయి. రోజును బట్టి ఆడా మగా తేడా ఏమీ కనబడలేదు.

ఇప్పుడు మనువు లెక్క చూడండి. 28 రోజులకు బహిష్టయ్యే స్త్రీకి సుమారు 9 నుంచి 14 వరకు అనుకూల దినాలు. అందులో రెండింటిని ఆయన నిషేధించాడు. మరి 35 రోజులకయ్యే స్త్రీకో? సుమారు 16 నుంచి 21. పదహారు రాత్రులు ముగిసే చోట ఆమె రోజులు మొదలవుతాయి! ఆ కుర్రాడి భార్యకు సరిగ్గా 35 రోజులకోసారే.

ఒగినో లెక్క కూడా అంచనాయే. నెలనెలకూ మారుతుంది. మందుల షాపులో దొరికే ఎల్‌హెచ్ పరీక్ష పట్టీలు కొంత దగ్గరగా చెబుతాయి. ఉదయపు ఒంటి వేడి కొలిస్తే అండం విడుదలయ్యాకే తెలుస్తుంది. ఏ లెక్కా వద్దనుకుంటే రెండు మూడు రోజులకోసారి కలిస్తే చాలు.

ఏడాది ప్రయత్నించినా ఫలితం లేకపోతే, భార్యకు 35 ఏళ్ళు దాటితే ఆరు నెలలకే, డాక్టరు దగ్గరికి వెళ్ళాలి. ఇద్దరూ వెళ్ళాలి. వీర్యపరీక్ష చవక, తేలిక కూడా. ఆ మాటే కుర్రాడికి చెప్పాను. కాగితం మడిచి జేబులో పెట్టుకుంటూ, "అమ్మకెలా చెప్పను బాబాయ్?" అన్నాడు.

తప్పెవరిదని కాదు, లెక్క ఎవరిదని అడగమన్నాను.