మస్టర్‌లో ఉన్న పేరు

ఖనిలో ఎవరినైనా ‘మీదేవూరు?’ అని అడగండి. సుల్తానాబాద్ అవతల అంటారు, మంథని దగ్గర అంటారు. గోదావరిఖని అని మాత్రం అనరు. 1960లలో జనగామ శివారున బొగ్గుబాయిలు పడ్డాక పుట్టిన ఊరు మాది. గోదావరి అవతల బెల్లంపల్లి బాయిలు 1920ల చివరి నాటివి. అక్కడా అంతా వలసే, నేల గోండులది. పక్కనున్న మందమర్రి ఇప్పటికీ ఏజెన్సీ కిందే ఉంది. అందుకే అక్కడి మున్సిపాలిటీకి ఎన్నికలు జరిగి దశాబ్దాలైంది.

దొర గడీ ముందు చెప్పులు చేతపట్టుకుని నడిచే బతుకు వద్దనుకుని మా బాపు బాయికొచ్చాడు. ఊళ్లో ఆయన పేరు చివర ‘గా’ తగిలించేవాళ్లు. మస్టర్‌లో ‘య్య’ చేరింది. కాకపోతే ఆ పేరు ఆయనది కాదు. పని దొరికినాయన బాయి దిగడానికి భయపడి వెళ్లిపోతే, ఆ పేరు మీద బాపు దిగాడు. సింగరేణిలో ఇలాంటి మారుపేర్లు ఒకటీ రెండూ కావు. వారసత్వ ఉద్యోగాల దగ్గర తండ్రి పేరు కలవక కొడుకులు యూనియన్ల చుట్టూ ఏళ్లకేళ్లు తిరిగారు.

బాపుతో కలిసి టబ్బు నింపినాయనది పెద్ద కులం. బాయిలో ఆయన బాపు నీళ్ల సీసా ఎత్తి గటగటా తాగేవాడట. కూతురి పెళ్లికి పిలిచాడు కూడా. బంతిలో కూర్చోబెట్టలేదు, బాపు టిఫిన్ డబ్బాలోనే అన్నం కట్టించి పంపాడు. అవ్వ ఆ డబ్బాను రెండుసార్లు తోమింది.

‘స్థానికులు’ అన్న మాటకు ఇక్కడ బరువెక్కువ. ప్రత్యేక తెలంగాణ కోసం 2011 సకల జనుల సమ్మెలో నెలకు పైగా బాయిలు బందు పెట్టిన ఊరు మరి. ఇప్పుడు ఓపెన్‌కాస్టుల్లో మట్టి తీసే ప్రైవేటు కంపెనీలకు బీహార్, జార్ఖండ్ పోరగాళ్లు వస్తున్నారు. 1990 ప్రాంతంలో లక్ష దాటిన సింగరేణి పర్మినెంట్ కార్మికులు నలభై వేలకు అటూఇటూ అయ్యారు. మా పిల్లల కోపం న్యాయమే. కానీ అది టెండర్ల దాకా పోదు, ఆ పోరగాళ్ల దగ్గరే ఆగుతుంది. ‘బీహారోళ్లకు ఇల్లు కిరాయికియ్యం’ అనే మా గల్లీ పెద్దమనిషిదీ మారుపేరే.

బాపు పోయినప్పుడు కర్మ కార్డు మీద అసలు పేరు వేయించాను. టబ్బు జతగాడు కార్డు చూసి ఫోన్ చేశాడు: ‘పేరు తప్పు పడ్డది బిడ్డా, మార్పియ్యి.’