విశాఖ తీరపు ఎర్ర నాచులు: అధ్యయనం, గుర్తింపు

ఎర్ర నాచులు రోడోఫైటా విభాగానికి చెందిన శైవలాలు. ప్రపంచంలో 7,000కు పైగా జాతులున్నాయి, అత్యధికం సముద్రంలోనివే. విశాఖలోని కూర్మన్నపాలెం కూడలి నుంచి సముద్రం కనబడదు గానీ, ఉక్కు కర్మాగారం అవతల అప్పికొండ, గంగవరం తీరాలు కొద్ది కిలోమీటర్ల దూరంలోనే ఉన్నాయి. నాచుకు వేళ్లుండవు, పట్టుకోవడానికి రాయి కావాలి. ఆంధ్ర కోస్తాలో చాలా భాగం ఇసుకా బురదే. తూర్పు కనుమల కొండలు సముద్రం దాకా వచ్చిన విశాఖ ప్రాంతంలో మాత్రం బండలకు కొదవ లేదు. శైవల శాస్త్రజ్ఞులు ఇక్కడికి రావడానికి కారణం అదే.

ఈ తీరం మీద పునాది లాంటి పని ఆంధ్ర విశ్వవిద్యాలయ వృక్షశాస్త్ర శాఖలో జరిగింది. ఎం. ఉమామహేశ్వరరావు, టి. శ్రీరాములు ఆటుపోట్ల మధ్య పెరిగే శైవలాలు ఏ ఎత్తున, ఏ రుతువులో ఎలా ఉంటాయో పరిశీలించి 1964లో జర్నల్ ఆఫ్ ఇకాలజీలో ప్రచురించారు. విశాఖ సముద్ర శైవలాల వ్యాఖ్యాన సహిత జాబితాను 1970లో లండన్ లినేయన్ సొసైటీ వృక్షశాస్త్ర పత్రిక వేసింది. లయగోరా విశాఖపట్నమెన్సిస్ అనే ఎర్ర నాచుకు ఊరి పేరు పెట్టింది కూడా ఉమామహేశ్వరరావే. ఆ తరువాత ఇదే శాఖలో ఎర్ర నాచుల సిద్ధబీజాలు ఎప్పుడు, ఎంత మేరకు రాలుతాయి, ఎండకూ ఆరుదలకూ ఎలా స్పందిస్తాయి అన్న పరిశోధనలు సాగాయి.

గుర్తింపులో మొదట మోసం చేసేది రంగే. ఎరుపునిచ్చే ఫైకోఎరిత్రిన్ నీటిలో కరిగే వర్ణకం, ఎండకు వెలిసిపోతుంది. బండ మీద ఎండ తగిలే చోట పెరిగిన గ్రాసిలేరియా ఆకుపచ్చగానో పసుపు కలిసిన గోధుమ రంగులోనో ఉండి, నీడలో పెరిగిన అదే జాతి ముదురు ఎరుపులో ఉండవచ్చు. తెచ్చిన నమూనాను మంచినీళ్లలో వదిలేస్తే కాసేపటికి నీళ్లు గులాబీ రంగుకు తిరుగుతాయి. అనుమానం తీర్చుకోవడానికి ఇది పనికొస్తుంది, నమూనా మాత్రం పాడవుతుంది.

ఆకారం కొంత నయం. హిప్నియా మస్కిఫార్మిస్ కొమ్మల చివరలు కొక్కెంలా వంగి ఇతర నాచులను చుట్టుకుంటాయి. గ్రాసిలేరియా కార్టికేటా బల్లపరుపుగా, తోలులా గట్టిగా, రెండేసిగా చీలుతూ పోతుంది. జేనియా, యాంఫిరోవా సున్నం పట్టి కీళ్లు కీళ్లుగా ఉంటాయి, వేళ్ల మధ్య నలిపితే పుటుక్కున విరుగుతాయి. పార్ఫైరా పలుచని పొరలా పైబండల మీద అతుక్కుని ఉంటుంది. అయినా అలలు బలంగా కొట్టే చోట ఇవన్నీ పొట్టిబడి, రూపం మార్చుకుంటాయి. అందుకే బ్లేడుతో అడ్డకోత కోయక తప్పదు. అనిలిన్ బ్లూ రంగు అద్ది సూక్ష్మదర్శిని కింద చూస్తే తేడా తెలుస్తుంది. హిప్నియాలో మధ్యన ఒక అక్ష కణం, దాని చుట్టూ పెద్ద కణాలు. గ్రాసిలేరియాలో లోపల పెద్ద కణాలు, అంచుకు వచ్చేకొద్దీ చిన్నవి. గ్రేటలూపియాలో నడుమ అంతా పోగుల అల్లిక.

చతుస్సిద్ధబీజాలు, అంటే నాలుగేసిగా ఏర్పడే సిద్ధబీజాలు, దొరికితే పని సగం అయినట్టే. గ్రాసిలేరియాలో అవి శిలువ ఆకారంలో విడిపోతాయి, హిప్నియాలో ఒకదాని కింద ఒకటిగా పేరుకుంటాయి. బీజాల్లేని నమూనాకు జాతి పేరు గట్టిగా చెప్పేవారిని నమ్మకపోవడమే మంచిది. ఎర్ర నాచుల జీవితచక్రం ఎంత మాయలమారిదో 1949లో బయటపడింది. గవ్వల్లో బతికే కాంకోసెలిస్ అనే పోగులాంటి నాచును అప్పటిదాకా వేరే జీవి అనుకునేవారు. అది పార్ఫైరాలోని ఒక దశేనని బ్రిటన్ శాస్త్రవేత్త కాథ్లీన్ డ్రూ బేకర్ చూపించారు. జపానులో నోరి అనే తినే పార్ఫైరా సాగు దశ తిరిగింది దానితోనే.

సేకరణకు అమావాస్య, పౌర్ణముల ఆటు అనుకూలం. అప్పుడు నీరు బాగా వెనక్కి పోతుంది. నమూనాను రాతిని పట్టుకున్న అడుగుతో సహా గీకి తీసి, ఏ ఎత్తున, ఏ రాతి మీద, ఏ తేదీన దొరికిందో అక్కడికక్కడే రాసుకోవాలి. తట్టలో సముద్రపు నీరు పోసి నాచును తేలనిచ్చి, కింద మందపాటి కాగితం దూర్చి మెల్లగా పైకి లేపుతారు. పైన పలుచని గుడ్డ కప్పి అద్దుడు కాగితాల మధ్య నొక్కుతారు. చాలా ఎర్ర నాచులకు జిగురు అక్కర్లేదు, వాటి బంకతోనే అంటుకుంటాయి.

ఇప్పుడు ఆర్‌బీసీఎల్, సీఓఐ జన్యువులతో జాతులు తేలుస్తున్నారు. 2011లో పార్ఫైరా ప్రజాతిని తిరగరాసినప్పుడు చాలా జాతులు పైరోపియాలోకి వెళ్లాయి. 1970 నాటి జాబితాను చదివేవారు పాత పేరుకు నేటి పేరేదో సరిచూసుకుంటూ పోవాలి. అయితే పేరు ఎన్నిసార్లు మారినా సరిచూడడానికి ఎండిన ఆ నమూనా కాగితమే కావాలి. దాని మీద తేదీ, చోటు లేకపోతే జన్యు పరీక్ష జాతిని చెబుతుంది గానీ అది ఏ తీరానిదో చెప్పదు.