తెలంగాణలో తుగ్లక్ పాలన పతనం (1323–1336)

కాకతీయ రాజ్యం కూలిన తరువాత ఓరుగల్లు కేంద్రంగా తెలుగు నేలపై సాగిన ఢిల్లీ సుల్తానుల ప్రత్యక్ష పాలన 1323లో మొదలై 1336 ప్రాంతంలో ముగిసింది. నేటి ఖిలా వరంగల్ ఆ కాలంలో సుల్తాన్‌పూర్ అనే పేరుతో తిలంగ్ రాష్ట్రానికి ముఖ్యపట్టణంగా ఉంది. ఘియాసుద్దీన్ తుగ్లక్ హయాంలో గెలుచుకున్న ఈ రాష్ట్రం ఆయన కుమారుడు మహమ్మద్ బిన్ తుగ్లక్ హయాంలోనే చేజారింది. తెలుగు చరిత్రలో కాకతీయుల వైభవం గురించి రాసినంతగా ఈ పదమూడేళ్ల గురించి రాయలేదు. అయితే ఆ తరువాతి రెండు శతాబ్దాల దక్కను రాజకీయాలను అర్థం చేసుకోవాలంటే ఈ కాలాన్ని తప్పక చదవాలి.

నేపథ్యం

ఓరుగల్లు కోట నిర్మాణం గణపతిదేవుని కాలంలో (1199–1262) ఊపందుకుంది. ఆయన కుమార్తె రుద్రమదేవి రాతిగోడ ఎత్తును పెంచింది. లోపల రాతికోట, దాని చుట్టూ కందకం, వెలుపల మట్టికోట, దాన్ని చుట్టి మరో కందకం, నడిబొడ్డున స్వయంభూ శివాలయం. ఆలయానికి నాలుగు దిక్కులా కీర్తి తోరణాలు నిలిచాయి. ప్రతాపరుద్రుడు (1289–1323) ఈ కోట నుంచే రాజ్యమేలాడు.

కాకతీయుల సైనిక బలం నాయంకర వ్యవస్థ మీద ఆధారపడింది. రాజు కొన్ని గ్రామాలను నాయకునికి అప్పగిస్తాడు. నాయకుడు ఆ రాబడితో సేనను పోషించి, అవసరమైనప్పుడు రాజుకు తోడుగా వస్తాడు. కోట బురుజుల రక్షణ కూడా నాయకులదేనని సంప్రదాయం చెబుతుంది. తమ ఊళ్లలో, తమ మనుషుల మధ్య వేళ్లూనుకున్న ఈ వర్గం రాజధాని కూలినా చెదరలేదు. తరువాతి కథ నడిపించింది వీరే.

ఢిల్లీ సేనల మొదటి ప్రయత్నం 1303లో అల్లావుద్దీన్ ఖిల్జీ కాలంలో జరిగి విఫలమైంది. 1310లో మాలిక్ కాఫూర్ ముట్టడికి ప్రతాపరుద్రుడు సంధి చేసుకుని, ఏటా కప్పం కట్టడానికి ఒప్పుకున్నాడు. ఆ ముట్టడిని కవి అమీర్ ఖుస్రో తన ఖజాయినుల్ ఫుతూహ్‌లో వర్ణించాడు. కప్పం ఆగినప్పుడల్లా సేన వచ్చేది. 1318లో సేనాని ఖుస్రోఖాన్ అలాగే వచ్చాడు. అప్పటికి ఢిల్లీకి కావలసింది ధనం, ఏనుగులు, గుర్రాలే. నేలను స్వయంగా ఏలాలనే ఆలోచన తుగ్లక్‌లతో వచ్చింది.

ఓరుగల్లు పతనం

ఘియాసుద్దీన్ తుగ్లక్ తన కుమారుడు, తరువాత మహమ్మద్ బిన్ తుగ్లక్ పేరుతో సుల్తానైన ఉలుగ్‌ఖాన్‌ను ఓరుగల్లు మీదికి పంపాడు. 1321లో మొదలైన తొలి ముట్టడి కోటను లొంగదీసే దశకు చేరుకుంటుండగా ఢిల్లీ నుంచి తపాలా ఆగిపోయింది. సుల్తాను మరణించాడన్న వదంతి శిబిరంలో పాకింది. సేనానులు తలోదారి పట్టారు; ఉలుగ్‌ఖాన్ దేవగిరికి వెనుదిరగాల్సి వచ్చింది. అతడు 1323లో కొత్త సేనతో తిరిగివచ్చి, దారిలో బీదరు, బోధన్ కోటలను పట్టుకుని, నెలల తరబడి ఓరుగల్లును దిగ్బంధించాడు. చివరికి ప్రతాపరుద్రుడు లొంగిపోయాడు. ఢిల్లీకి తీసుకువెళ్తుండగా ఆయన నర్మదా తీరంలో కన్నుమూశాడని, తరువాత ఢిల్లీ పాలనను ఎదిరించిన ముసునూరి ప్రోలయ నాయకుని విలస తామ్రశాసనం చెబుతుంది.

సుల్తాన్‌పూర్ పాలన

విజేతలు ఓరుగల్లుకు సుల్తాన్‌పూర్ అని పేరు పెట్టారు. స్వయంభూ ఆలయాన్ని పడగొట్టారు. తోరణాలను మాత్రం ఉంచారు. ఆలయ ప్రాంగణంలోనే జామా మసీదు నిర్మాణం చేపట్టారని పరిశోధకులు ఫిలిప్ వాగొనర్, జాన్ హెన్రీ రైస్ అక్కడి అవశేషాల ఆధారంగా నిరూపించారు. ఆలయానికి పశ్చిమాన ఉన్న కుష్ మహల్ కూడా ఈ కాలపు దర్బారు మందిరమేనని వారి నిర్ణయం. దాని ఏటవాలు గోడలు, కోసు కమానులు ఢిల్లీలోని తుగ్లకాబాద్ కట్టడాలను గుర్తుచేస్తాయి. ఈ మందిరాన్ని పదహారో శతాబ్దపు పాలకుడు షితాబ్‌ఖాన్‌కు ఆపాదించే వాడుక చాలాకాలంగా ఉంది.

కొత్త పాలన తూర్పు తీరం వరకు చేయి చాచింది. రాజమహేంద్రవరంలో సాలార్ ఉల్వీ కట్టించిన మసీదు శాసనం 1324 నాటిది. ముల్క్-ఎ-తిలంగ్ పేరుతో టంకాలు ముద్రించారు. ఢిల్లీ ఈ నేలను దోచుకుని వదిలేయడానికి రాలేదని, స్థిరపడాలనే వచ్చిందని ఇవన్నీ చాటుతున్నాయి.

ప్రజల అనుభవం ఎలా ఉండేది? విలస శాసనం ఈ కాలాన్ని చీకటిగా చిత్రించింది. అగ్రహారాలు లాక్కున్నారని, దేవాలయాలు పాడుబడ్డాయని, రైతు పండించిన పంట రైతుకు దక్కలేదని వాపోయింది. గెలిచిన పక్షం తన విజయాన్ని కీర్తించుకోవడానికి రాయించిన శాసనం కనుక దీన్ని జాగ్రత్తగా చదవాలి. ఇదే సామ్రాజ్యానికి మరో ముఖం కూడా ఉంది: బసవకల్యాణంలో దెబ్బతిన్న మధుకేశ్వరాలయాన్ని తుగ్లక్ అధికారి అనుమతితో తిరిగి పూజకు నిలిపినట్టు 1326 నాటి సంస్కృత శాసనం తెలుపుతోంది. ఆలయాలను కూల్చిన చేతులే పన్ను కట్టే ప్రజలతో సర్దుబాటుకు కూడా సిద్ధపడ్డాయి. అయినా పన్నుల భారం గురించి విలస శాసనం పెట్టిన గోడును కొట్టిపారేయడానికి వీల్లేదు.

బలహీనతకు కారణాలు

మొదటి కారణం దూరం. ఓరుగల్లుకూ ఢిల్లీకీ మధ్య దాదాపు 1500 కిలోమీటర్లు. వార్త ఆలస్యమైతే వదంతి రాజ్యమేలేది. ఈ కష్టాన్ని గ్రహించే మహమ్మద్ బిన్ తుగ్లక్ 1327లో దేవగిరిని దౌలతాబాద్‌గా మార్చి రెండో రాజధానిగా చేశాడు. దక్కనును దగ్గరగా ఉండి పాలించాలన్న ఆలోచన సరైనదే. కానీ బలవంతపు వలస ఢిల్లీ ప్రముఖుల్లో అసంతృప్తిని రగిలించింది.

రెండవది ఖజానా పరిస్థితి. 1329–30లో ప్రవేశపెట్టిన రాగి, ఇత్తడి నాణేల ప్రయోగం దెబ్బతింది. దోఆబ్‌లో పన్నుల పెంపు, కరువు కలిసి రైతును కుంగదీశాయి. డబ్బు కోసం రాష్ట్రాలను గుత్తకు ఇచ్చే పద్ధతి పెరిగింది. పొరుగున బీదరు ప్రాంతాన్ని నుస్రత్‌ఖాన్ మూడేళ్లకు కోటి టంకాల గుత్తకు తీసుకుని, చెల్లించలేక తిరుగుబాటు చేశాడని చరిత్రకారుడు జియావుద్దీన్ బరనీ రాశాడు. గుత్తదారు నుంచి వచ్చే ఒత్తిడి చివరికి పడేది ఊళ్ల మీదే.

మూడవది, అన్నిటికన్నా బలమైనది: కోట గోడల వెలుపల ఢిల్లీకి తనదైన యంత్రాంగం లేదు. పల్లెలు, చెరువులు, అడవి దారులు, స్థానిక సేనలు అన్నీ పాత నాయకుల చేతుల్లోనే మిగిలాయి. కోటను పట్టుకుంటే దేశం చిక్కినట్టేనని విజేతలు నమ్మారు. తెలుగు దేశం మాత్రం కోటలో కన్నా ఊళ్లలోనే ఎక్కువగా ఉంది.

రోమన్ సామ్రాజ్యపు అంచు రాష్ట్రమైన బ్రిటన్‌తో పోల్చితే ఈ విషయం ఇంకా స్పష్టమవుతుంది. అక్కడ 407లో మూడవ కాన్‌స్టాంటైన్ సేనలను గాల్‌కు తరలించాక రోమన్ అధికారం కొద్ది ఏళ్లలో కనుమరుగైంది. నాణేలు, పట్టణాలు, పరిశ్రమలు కుప్పకూలాయి. మూడున్నర శతాబ్దాల పాలనలో రక్షణ భారమంతా సామ్రాజ్య సేన మీదే ఉండడంతో, ఆ సేన వెళ్లాక ఖాళీ ఏర్పడింది. తెలంగాణలో సామ్రాజ్యం పదమూడేళ్లే ఉంది. సాయుధులైన స్థానిక నాయకులు ఎప్పుడూ ఉన్నారు. అందువల్ల ఇక్కడ పాలన తొలగిన వెంటనే మరో పాలన నిలబడింది.

నాయకుల పునరుత్థానం

గోదావరి తీర అడవుల్లో భద్రాచలం సమీపాన రేకపల్లి కేంద్రంగా ముసునూరి ప్రోలయ నాయకుడు బలం కూడగట్టాడు. విలస శాసనం ఆయన వేయించినదే. అగ్రహారాలను తిరిగి ఇచ్చాననీ, రైతులు ఇష్టపడి ఇచ్చిన భాగాన్నే పన్నుగా తీసుకున్నాననీ ఆయన చాటుకున్నాడు. దక్షిణాన 1325 ప్రాంతంలో ప్రోలయ వేమారెడ్డి అద్దంకిలో రెడ్డి రాజ్యానికి పునాది వేశాడు. తెలంగాణలో రేచెర్ల వెలమ నాయకులు ఎదిగారు. డెబ్బై ఐదుగురు నాయకులు ముసునూరి వారి వెంట నిలిచారని 1423 నాటి కలువచేరు శాసనం చెబుతుంది. ఆ సంఖ్యను కవితాత్మకంగా తీసుకున్నా, ఉద్యమం ఒక్క వంశానిది కాదన్న సంగతి మాత్రం స్పష్టం.

ప్రోలయ తరువాత ఆయన పినతండ్రి కుమారుడు కాపయ నాయకుడు నాయకత్వం చేపట్టాడు.

1335–36: పాలన ముగింపు

తమిళ దేశంలోని మధురలో ఢిల్లీ అధికారి జలాలుద్దీన్ అహసన్ షా స్వతంత్రం ప్రకటించుకున్నాడు. అతణ్ని అణచడానికి సుల్తాను స్వయంగా దక్షిణానికి బయలుదేరి 1335లో ఓరుగల్లు చేరాడు. అక్కడ సేనలో మహమ్మారి చెలరేగింది. వేలాది సైనికులతో పాటు ముఖ్య సేనానులూ మరణించారు; సుల్తాను కూడా జబ్బుపడ్డాడు. మాలిక్ మక్బూల్‌ను ఓరుగల్లులో నిలిపి ఆయన దౌలతాబాద్‌కు మరలాడు. సుల్తాను చనిపోయాడన్న వదంతి మళ్లీ పుట్టింది. దౌలతాబాద్‌లో హుషంగ్ అనే అధికారి దాన్ని నమ్మి తిరగబడ్డాడని యాత్రికుడు ఇబ్న్ బతూతా రాశాడు. 1321లో ముట్టడిని చెదరగొట్టిన వదంతి పద్నాలుగేళ్ల తరువాత సామ్రాజ్యాన్నే ఊపింది. ఆపై ఢిల్లీ నుంచి ఓరుగల్లుకు పెద్ద సేన రాలేదు.

కాపయ నాయకుడు ఈ అదను చూసి దాడి చేశాడు. హొయసల మూడవ బల్లాలుడు ఆయనకు తోడ్పడ్డాడని చరిత్రకారుడు ఫెరిష్తా చెప్పాడు. 1336 ప్రాంతంలో కోట నాయకుల వశమైంది. మాలిక్ మక్బూల్ ఢిల్లీకి పారిపోయాడు.

ఆ మక్బూల్ కూడా తెలుగువాడే. ఒకప్పుడు కాకతీయ కొలువులో ఉండి, ఢిల్లీకి బందీగా వెళ్లి ఇస్లాం స్వీకరించాడు. తరువాత ఫిరోజ్ షా తుగ్లక్ దగ్గర ఖాన్-ఎ-జహాన్ బిరుదుతో వజీరు పదవిని అలంకరించాడు. నిజాముద్దీన్‌లోని ఆయన సమాధి ఢిల్లీలో అష్టకోణాకారంలో కట్టిన తొలి సమాధిగా ప్రసిద్ధి. ఓరుగల్లు కోసం పోరాడిన ఇరుపక్షాల్లోనూ కాకతీయ రాజ్యం నుంచి వచ్చినవారు ఉన్నారు. కాబట్టి ఈ ఘర్షణను రెండు మతాల యుద్ధంగా మాత్రమే చూపడం చరిత్రకు అన్యాయం చేయడమే.

అనంతర పరిణామాలు

కాపయ నాయకుడు ఆంధ్రదేశాధీశ్వర, ఆంధ్రసురత్రాణ బిరుదులు ధరించాడు. 1346 నాటి గణపేశ్వరం శాసనంలో అవి కనిపిస్తాయి. ఢిల్లీ నుంచి విడిపోవాలనుకున్న దక్కను అమీర్లకు ఆయన సాయం చేశాడు. 1347లో అల్లావుద్దీన్ హసన్ బహమనీ రాజ్యాన్ని స్థాపించాడు. ఆ కొత్త పొరుగురాజ్యమే త్వరలో కాపయకు శత్రువైంది. మొదట కౌలాస్, తరువాత 1364 ప్రాంతంలో గోల్కొండ పోయాయి. గోల్కొండను వదులుకుంటూ కాపయ చేసుకున్న సంధిలో భాగంగానే ఫిరోజా రాళ్ల సింహాసనం బహమనీ దర్బారుకు చేరింది. చివరికి 1368 ప్రాంతంలో రేచెర్ల అనపోత నాయకునితో భీమవరం వద్ద జరిగిన పోరులో కాపయ మరణించాడు. కలిసి పోరాడిన నాయకులను బయటి శత్రువు తొలగిన తరువాత కలిపి ఉంచే శక్తి లేకపోయింది. పదిహేనో శతాబ్దంలో ఓరుగల్లు బహమనీల పాలైంది.

అధ్యయనం, ప్రాముఖ్యం

ముసునూరి నాయకుల చరిత్రను శాసనాల నుంచి వెలికితీసిన ఘనత మల్లంపల్లి సోమశేఖర శర్మది. నేలటూరి వెంకటరమణయ్యతో కలిసి ఆయన విలస శాసనాన్ని పరిష్కరించాడు. ఆ కృషి లేకుంటే ఈ కాలం ఢిల్లీ చరిత్రకారుల కొన్ని వాక్యాలకే పరిమితమయ్యేది.

తుగ్లక్ పాలన తక్కువకాలమే సాగినా దాని ఫలితాలు నిలిచాయి. కమాను, గుమ్మటపు నిర్మాణ రీతి ఓరుగల్లుకు చేరింది. నాయంకర వ్యవస్థ విజయనగరంలో మరింత విస్తరించింది. కాకతీయ రాజ్యం స్థానంలో రెడ్డి, వెలమ, ముసునూరి ప్రాంతీయ శక్తులు నిలిచాయి. స్వయంభూ ఆలయ తోరణం 2014లో తెలంగాణ రాష్ట్ర చిహ్నంలో చేరింది. ఖిలా వరంగల్‌లో తోరణాలూ కుష్ మహల్ నడిచి వెళ్లగలిగినంత దూరంలోనే ఉన్నాయి. ఆ రెంటినీ కలిపి చదివినప్పుడే ఒక సామ్రాజ్యం ఇక్కడ ఎలా నిలబడాలనుకుందో, ఎందుకు నిలబడలేకపోయిందో పూర్తిగా అర్థమవుతుంది.