ర్యామ్ ఉంది, కానీ ఆటోక్యాడ్‌కి కనపడదు!

ర్యామ్ పెంచితే సాఫ్ట్‌వేర్ స్పీడ్ అవుతుందని మనం ఈజీగా అనేస్తాం. 1980ల్లో మాత్రం డబ్బులు పెట్టి ర్యామ్ కొని మెషిన్‌లో పెట్టినా, ప్రోగ్రామ్‌కి అది కనపడేది కాదు.

ఆటోక్యాడ్ 1982 చివర్లో వచ్చింది. అప్పటి ఐబీఎం పీసీలో 8088 చిప్‌కి అడ్రస్ లైన్లు 20. అంటే 1 ఎంబీ దాటి చూడలేదు. అందులో 384 కేబీ స్క్రీన్‌కీ, బయాస్‌కీ పోతే, డాస్‌కీ మన ప్రోగ్రామ్‌కీ కలిపి మిగిలేది 640 కేబీ. ఇవాళ ఫోన్‌లో తీసిన ఒక్క ఫొటో కూడా అందులో పట్టదు.

ఆటోక్యాడ్ కూడా పట్టలేదు. అందుకే కమాండ్‌కి కావాల్సిన కోడ్ ముక్కని డిస్క్ నుంచి తెచ్చి, పాత ముక్క ఉన్న చోటే పెట్టేది. దీన్ని ఓవర్లే అంటారు. డ్రాయింగ్ పెద్దదైతే అది కూడా ముక్కలుగా డిస్క్‌కి వెళ్లి రావాల్సిందే. నేను జాబ్ చేసే రోజుల్లో మెమరీ చాలకపోతే సర్వర్ సైజు పెంచేవాళ్లం, అంతే. పాపం వీళ్లకి ఆ ఆప్షన్ ఎక్కడిది?

1985లో లోటస్, ఇంటెల్, మైక్రోసాఫ్ట్ కలిసి ఎక్స్‌పాండెడ్ మెమరీ పద్ధతి తెచ్చాయి. 64 కేబీ కిటికీ ఒకటి పెట్టి, అందులో 16 కేబీ పేజీలు మార్చుకుంటూ పోవడం. డ్రాయింగ్ పేజీల్ని ఆటోక్యాడ్ అక్కడ దాచుకుంది. డిస్క్ ట్రిప్పులు తగ్గాయి.

ఆటోలిస్ప్ వాళ్ల కష్టం వేరు. హీప్, స్టాక్ రెండూ కలిపి 45,000 బైట్లు దాటకూడదు. పెద్ద రొటీన్లు రెండు మూడు లోడ్ చేస్తే ఖాళీ ఉండదు. 1988లో రిలీజ్ 10తో ఎక్స్‌టెండెడ్ ఆటోలిస్ప్ వచ్చాకే వాళ్లకి ఊపిరి ఆడింది.

గోడ నిజంగా కూలింది 386 చిప్‌తో. డాస్ ఎక్స్‌టెండర్ అనే లేయర్ సాయంతో ఆటోక్యాడ్ 386 పైనున్న మెమరీని నేరుగా వాడుకుంది.

నా దృష్టిలో అసలు లాభం 1992లో, రిలీజ్ 12లో కనపడింది. డ్రాయింగ్ ఫైల్లో కొలతలు దశాంశాల్లో ఉంటాయి. స్క్రీన్ మీద త్వరగా గీయడానికి వాటిని పూర్ణాంకాలుగా మార్చి ఒక లిస్ట్‌లో పెట్టుకుంటారు. ఆ లిస్ట్ పరిధి దాటి జూమ్ చేశారా, మొత్తం డ్రాయింగ్ మళ్లీ లెక్కకట్టాలి. అదే రీజెన్. పెద్ద ప్లాన్ అయితే డ్రాఫ్ట్స్‌మన్ చేతులు కట్టుకుని కూర్చోవడమే. రిలీజ్ 12 ఆ లిస్ట్‌ని 32 బిట్లకి పెంచింది. దానికి మెమరీ ఎక్కువే పడుతుంది, కానీ చాలా జూమ్‌లకి ఇక రీజెన్ అక్కర్లేదు.

1994లో రిలీజ్ 13 వచ్చింది, మెమరీని మళ్లీ తెగ మింగింది. చాలామంది 12 దగ్గరే ఉండిపోయారు. మీ ఆఫీసులో అలాంటి పెద్దవాళ్లుంటే కింద రాయమనండి, వాళ్ల రీజెన్ కథలు నాకు కావాలి.