మా భూమి (సినిమా)

'మా భూమి' తెలంగాణ సాయుధ పోరాటం (1946–51) మీద 1979లో తీసిన తెలుగు సినిమా. నిర్మాతలు బి. నర్సింగరావు, జి. రవీంద్రనాథ్. దర్శకుడు గౌతం ఘోష్ బెంగాలీ. అంతకుముందు కరువు మీద 'హంగ్రీ ఆటమ్' డాక్యుమెంటరీ తీసిన ఆయనకు ఇదే తొలి కథాచిత్రం. మూలకథ కిషన్ చందర్ ఉర్దూ నవల 'జబ్ ఖేత్ జాగే'.

నవలలో ఉరికంబం ఎక్కబోయే కుర్రాడు గతాన్ని నెమరేసుకుంటాడు. సినిమా మాత్రం రామయ్య పసితనం నుంచి వరసగా నడుస్తుంది. వెట్టి, తిట్లు, దెబ్బలు వాడికి పుట్టినప్పటి నుంచీ అలవాటే. వాటికి తిరగబడని రామయ్య ప్రేమించిన లంబాడీ పిల్ల చంద్రి దొర గడీకి వెళ్లిందని తెలిశాక మాత్రం తట్టుకోలేకపోయాడు. కాదనే వీలు ఆమెకు లేదు. అయినా వాడి కోపం ముందు విరుచుకుపడింది ఆమె మీదే, దొర మీద కాదు. కథానాయకుడి ఈ లోపాన్ని సినిమా దాచలేదు; నా లెక్కన దాని నిజాయితీ అక్కడే ఉంది. రామయ్యగా సాయిచంద్ (రచయిత త్రిపురనేని గోపీచంద్ కొడుకు), చంద్రిగా హంస నటించారు.

తిరుమలగిరిలో పుట్టిన శ్యామ్ బెనెగళ్ తీసిన 'అంకుర్' (1974) ఇక్కడ గుర్తుకొస్తుంది. అందులో కోరిక భూస్వామి కొడుకుది. తిరుగుబాటు చివర్లో ఓ పిల్లాడు విసిరిన రాయి. 'మా భూమి'లో రెండూ ఒక్కడివే.

ఊరొదిలిన రామయ్య హైదరాబాదులో రిక్షా తొక్కాడు, ఫ్యాక్టరీలో చేరాడు, మక్బూల్ అనే యూనియన్ నాయకుడి చేతిలో పడ్డాడు. సినిమాలో లాలాగూడ పేరు రాదు గానీ, 1893లో నిజాం రైల్వే అక్కడ పెట్టిన వర్క్‌షాపు చూసినవాళ్లకు ఈ దారి కొత్తకాదు. పల్లెలో దొర మాటే చట్టం. ఇక్కడ జీతం ఉంది, పక్కన తోటి కార్మికుడున్నాడు. సొంత గాయం అందరిదీ అని రామయ్యకు తెలిసింది ఇక్కడే.

పాటలు పోరాటంలోంచే వచ్చాయి. పోరాట కవి యాదగిరి రాసిన పాటకు తెర మీద గద్దర్ కనిపిస్తారు. పశులు కాసే పిల్లగాడి మీద సుద్దాల హనుమంతు రాసినదాన్ని సంధ్య పాడారు.

రామయ్య తిరిగొచ్చాక ఊరు గడీ మీదికి లేచింది, దొర పారిపోయాడు. 1948 సెప్టెంబరులో నిజాం రాజ్యం మీద భారత సైన్యం 'పోలీసు చర్య' జరిగింది. సైన్యం వెంట దొర మళ్లీ ఊళ్లోకి దిగాడు, ఈసారి గాంధీ టోపీ పెట్టుకుని.