ఉమ్మడి లైబ్రరీ ఫైళ్లు (కృత్రిమ మేధ)

పది అప్లికేషన్లకు అవసరమైన కోడ్‌ను ఒక్క ఫైలులో ఉంచి, కావలసినప్పుడు అన్నీ దాన్నే పిలుచుకునేలా చేసే ఏర్పాటును ఉమ్మడి లైబ్రరీ లేదా షేర్డ్ లైబ్రరీ అంటారు. విండోస్‌లో ఈ ఫైళ్ల పేర్ల చివర డీఎల్‌ఎల్ అనీ, లినక్స్‌లో ఎస్‌ఓ అనీ ఉంటుంది. ఫొటోలో వెనకున్న దృశ్యాన్ని తొలగించడం, మాటను రాతగా మార్చడం వంటి పనులు కంప్యూటర్‌లోనే జరిగేటప్పుడు అసలు లెక్కల్లో ఎక్కువ భాగం చేసేవి ఇవే. కృత్రిమ మేధ చరిత్రను మోడళ్ల పేర్లతో చెప్పుకోవడం మనకు అలవాటైపోయింది. కానీ ఒక మోడల్ ఖరీదైన సర్వర్‌కే పరిమితమవుతుందా, మామూలు మనిషి చేతిలోని పరికరం దాకా వస్తుందా అన్నది చాలావరకు లైబ్రరీ మీదే ఆధారపడుతుంది. బెంగళూరులో జరిగిన పనే ఇందుకు సాక్ష్యం.

న్యూరల్ నెట్‌వర్క్ చేసే లెక్కల్లో సింహభాగం మాత్రికల గుణకారం. శాస్త్ర సాంకేతిక గణనల కోసం బ్లాస్ అనే ప్రామాణిక రూపం 1979లో వెలువడింది. మాత్రికను మాత్రికతో గుణించే దాని మూడో అంచె 1990లో ప్రచురితమైంది. ఇలాంటి కోడ్‌ను పంచుకునే డీఎల్‌ఎల్ ఫైళ్లు 1985 నాటి తొలి విండోస్ నుంచీ ఉన్నాయి. మెమరీ కరువు నేర్పిన పొదుపు అది. ఎన్విడియా 2014లో న్యూరల్ నెట్‌వర్క్‌ల కోసమే కూడీఎన్‌ఎన్ లైబ్రరీని విడుదల చేసింది. 2017లో ఫేస్‌బుక్, మైక్రోసాఫ్ట్ కలిసి మోడళ్లకు ఓఎన్‌ఎన్‌ఎక్స్ అనే ఉమ్మడి రూపాన్ని ప్రకటించాయి. మరుసటి ఏడాది విండోస్ ఎంఎల్, 2019లో డైరెక్ట్‌ఎంఎల్ అనే కృత్రిమ మేధ లైబ్రరీలు విండోస్ 10లో భాగమయ్యాయి. సిస్టమ్32 ఫోల్డర్‌లో కనిపించే డైరెక్ట్‌ఎంఎల్ ఫైలును ఎన్నిసార్లు నొక్కినా ఏ ప్రోగ్రామూ మొదలవదు. ఏదైనా అప్లికేషన్ పిలిచినప్పుడే అది పలుకుతుంది. కింద ఉన్న గ్రాఫిక్స్ కార్డు ఇంటెల్‌దా, ఏఎండీదా, ఎన్విడియాదా అని అప్లికేషన్ రాసినవారు తలపట్టుకోనక్కర్లేకుండా చేసేదీ అదే.

బెంగళూరులో 2005లో మొదలైన మైక్రోసాఫ్ట్ రీసెర్చ్ ఇండియా ఈ మెమరీ పొదుపును దాని చివరి అంచుదాకా తీసుకెళ్లింది. అక్కడి పరిశోధకులు 2017లో బోన్సాయ్, ప్రోటోఎన్‌ఎన్ అనే రెండు మెషిన్ లెర్నింగ్ పద్ధతులను ప్రచురించారు. వాటిని ఎడ్జ్‌ఎంఎల్ అనే లైబ్రరీలో చేర్చి అందరికీ అందుబాటులో పెట్టారు. బోన్సాయ్ నడిచిన ఆర్డ్యునో ఉనో అనే చిన్న బోర్డులో ఉన్న ర్యామ్ 2 కేబీ, అంటే 2,048 బైట్లు. కంప్యూటర్‌లో ఒక్కో తెలుగు అక్షరానికీ, ఒక్కో గుణింతపు గుర్తుకూ సాధారణంగా మూడేసి బైట్లు పడతాయి. ఆ లెక్కన ఈ పేరా కూడా అందులో పట్టదు! దశాంశ సంఖ్యలను లెక్కగట్టే ప్రత్యేక సర్క్యూట్ కూడా ఆ చిప్‌లో లేదు. పేరుకు తగ్గట్టే బోన్సాయ్ ఒకే ఒక్క పొట్టి నిర్ణయ వృక్షంతో (డెసిషన్ ట్రీతో) సరిపెట్టుకుంటుంది. 2019లో వచ్చిన సీడాట్ కంపైలర్ దశాంశాల లెక్కలను పూర్ణాంకాల లెక్కలుగా మార్చి ఆ రెండో లోటునూ పూడ్చింది. అదే ఏడాది వెలువడిన గెశ్చర్‌పాడ్ అనే చిన్న పరికరాన్ని చూపులేనివారి తెల్లకర్రకు తగిలిస్తే, కర్ర కదలికను అక్కడికక్కడే గుర్తుపట్టి జేబులోని ఫోన్‌కు ఆదేశం పంపుతుంది. దాని లోపల ఉన్నది ప్రోటోఎన్‌ఎన్. మరో కొసన, భారీ డేటాలో వెతికే అక్కడి డిస్క్‌ఏఎన్‌ఎన్ ఉంది. వంద కోట్ల వెక్టర్లలో, అంటే సంఖ్యల వరుసల్లో, 64 జీబీ ర్యామ్, ఒక ఎస్‌ఎస్‌డీ ఉన్న ఒక్క యంత్రంలోనే వెతకవచ్చని 2019లో అది నిరూపించింది.

ఇక్కడ ఒక అభ్యంతరం న్యాయమైనదే. ఆ ఆర్డ్యునో ఉనో బోర్డులో ఆపరేటింగ్ సిస్టమే లేదు. లైబ్రరీ కోడ్ అక్కడ ప్రోగ్రామ్‌లో కలిసిపోతుంది, విడి ఫైలుగా మిగలదు. పెద్ద కంప్యూటర్లలోనూ వెర్షన్ల తగాదాకు భయపడి చాలా అప్లికేషన్లు తమ సొంత కాపీని వెంట తెచ్చుకుంటున్నాయి. మరి ఉమ్మడితనం ఎక్కడ మిగిలింది? మూలంలో మిగిలింది. ఒకచోట దిద్దిన తప్పు, ఒకచోట పెరిగిన వేగం ఆ కోడ్ వాడే అందరికీ తర్వాతి విడుదలతో చేరుతుంది. కాపీలు పెరిగితే డిస్క్ నిండే బాధ తక్కువ ధర ల్యాప్‌టాప్ కొన్నవారిదే కాబట్టి, చిన్న లైబ్రరీ అవసరం ఇప్పుడు ఇంకా ఎక్కువ. ఇదంతా అమెరికా కంపెనీ సొత్తేగా అన్నది మరో మాట. జీతాలిచ్చింది ఆ కంపెనీయే, నిజం. అయితే 2 కేబీలో ఇమిడే మేధ కోసం ఇక్కడివారు పడిన శ్రమ ఫలితం ఒక్కరి బీరువాలో తాళం వేసి లేదు. ఎడ్జ్‌ఎంఎల్, డిస్క్‌ఏఎన్‌ఎన్ రెండూ ఎంఐటీ లైసెన్సుతో గిట్‌హబ్‌లో ఉన్నాయి. ఎవరైనా తీసుకోవచ్చు, మార్చుకోవచ్చు, అమ్మే వస్తువులోనూ వాడుకోవచ్చు.